నా మొహం మీద సబ్జా గింజలు

ఆ రోజుల్లో మధ్యాహ్నం పూట కేబుల్ టీవీలో వచ్చే ఇంగ్లీషు భయం సినిమాలన్నీ చక్కగా తెలుగులో మాట్లాడేవి. వాటిలో కథ ఎప్పుడూ ఒకటే. తెల్లకోటు వేసుకున్న సైంటిస్టు ఒకడుంటాడు. ఆయనకు పెద్ద ఇల్లు, మంచి జీతం, అందమైన భార్య అన్నీ ఉంటాయి గానీ మనశ్శాంతి ఉండదు. ఒకరోజు పచ్చరంగు మందు ఎలుకకు ఎక్కిస్తాడు. ఎలుక నిక్షేపంగా ఉందనుకుని తనూ ఎక్కించుకుంటాడు. ముందు గోరు ఊడుతుంది, తర్వాత వీపు దురద పెడుతుంది, సినిమా సగానికి వచ్చేసరికి వీపులోంచి ఏదో మొలుస్తుంది. అప్పటిదాకా మనలాగే మాట్లాడినవాడు ఒళ్లంతా పొలుసులొచ్చాక మాత్రం "ఓరీ మానవాధమా, నీకు మరణమే శరణ్యం" అని గ్రాంథికం అందుకునేవాడు (పొలుసులకూ గ్రాంథికానికీ సంబంధమేమిటో ఆ డబ్బింగు రాసినవాళ్లకే తెలియాలి). హుస్సేనీ ఆలంలో మేం అద్దెకున్న రెండు గదుల పోర్షన్‌లో నేను, అక్క, నాయనమ్మ ఆ సినిమాలు ఒక్కటీ వదిలేవాళ్లం కాదు. ముగ్గురం మూడు రకాలుగా చూసేవాళ్లం. నేను హీరో ఎలా నిలబడ్డాడో, జుట్టు ఎలా వెనక్కి తోశాడో చూసేవాణ్ని. అక్క టీవీకి ముక్కు ఆనించి ఆ దొంగచర్మం అసలు చర్మానికి ఎక్కడ అతుక్కుందో వెతికేది. నాయనమ్మ మాత్రం జాలిపడేది. ఒళ్లంతా అలా అయిపోతున్న మనిషిని చూసి భార్య అరవడమేమిటి, దగ్గర కూర్చుని ఎక్కడ నొప్పిగా ఉందో అడగొచ్చు కదా అని సినిమా అయ్యేదాకా గొణిగేది.

అప్పుడు నాకు పందొమ్మిదేళ్లు. బి.కాం. చదువుతున్నానని మా నాన్న అనుకునేవారు. నా మొహం తెర కోసమే పుట్టిందని నేను అనుకునేవాణ్ని. ఆ నమ్మకానికి ఆధారం ఒక్కటే, ఫొటో స్టూడియోలో పాస్‌పోర్టు సైజు ఫొటో తీసినతను ఒకసారి "తల కొంచెం ఎత్తు బాబూ" అన్నాడు. అంతకుముందు మా అక్కకు తీసినప్పుడు ఆ మాట అనలేదు. అది చాలు. రోజుకు నాలుగైదుసార్లు అద్దం ముందు తల కొంచెం ఎత్తి చూసుకునేవాణ్ని.

నా ఈ నమ్మకాన్ని పంచుకున్నవాడు లోకంలో ఇంకొక్కడే ఉన్నాడు. పక్క గల్లీలో టెంట్ హౌస్ నడిపే వాళ్లబ్బాయి. అందరూ టెంట్ భాయ్ అనేవాళ్లు. వాళ్ల మామ పెళ్లిళ్లకు వీడియో, ఫొటోలు తీసేవాడు. మూఢం వస్తే పెళ్లిళ్లుండవు కాబట్టి కెమెరా ఖాళీగా ఉండేది. ఆ మూఢంలో ఒక సినిమా తీసి పారేద్దామని టెంట్ భాయ్ పట్టుబట్టాడు. కథ వాడిదే. మూసీ నీళ్లను శుభ్రం చేసే మందు కనిపెట్టిన సైంటిస్టు, ఎవరూ నమ్మకపోతే రోషం వచ్చి అఫ్జల్‌గంజ్ వంతెన కింద గ్లాసుడు నీళ్లు ముంచుకుని అందరి ముందూ తాగేస్తాడు. ఆ తర్వాత ఒళ్లంతా బొబ్బలు లేచి, నోరు మూసుకుపోయి, మనిషి మరేదో అయిపోతాడు. (మూసీ సంగతి తెలిసినవాళ్లెవరికీ ఇందులో సైన్సు కల్పన ఏముందో అర్థం కాలేదు.) సైంటిస్టు వేషం నాదేనన్నాడు. బొబ్బలు లేచాక నా మొహం ఎవరికి కనిపిస్తుందని నేను అనుమానం వెలిబుచ్చితే భుజం మీద చెయ్యి వేసి నచ్చచెప్పాడు.

"అన్నా, హీరోనే మారుతడు. మొహం కనబడకుంటే ఏమైతది, ఫీలింగ్ కనబడ్తది. నువ్వు ఫికర్ చెయ్యకు."

నేను ఫికర్ చెయ్యలేదు. బొబ్బలు పెట్టే పని మాత్రం అక్కకు అప్పగించాం. ఇక్కడ అక్క సంగతి చెప్పాలి. అక్క బి.ఎస్సీ. పూర్తి చేసి ఇంట్లో ఉంది. మైనంతో, మైదాపిండితో, రబ్బరు పాలతో వేళ్లూ చెవులూ చేసేది. ఒకసారి తను చేసిన బొటనవేలు పెరుగు గిన్నె పక్కన మర్చిపోతే మా అమ్మ రెండు రోజులు వంటింట్లోకి రాలేదు. ఊళ్లో ఒక పెద్ద ఆసుపత్రిలో, ప్రమాదాల్లోనో జబ్బుతోనో చెవి, ముక్కు, వేళ్లు పోగొట్టుకున్నవాళ్లకు కృత్రిమంగా అవి చేసి పెట్టే విభాగం ఉంది. అందులో పని నేర్పడానికి కొందరిని తీసుకుంటున్నారని తెలిసి అక్క వెళ్లి మాట్లాడి వచ్చింది. సోమవారం నువ్వు చేసిన పని ఫొటోలు పట్టుకుని రా, ఇంట్లో ఒప్పించుకుని రా అన్నారు. ఫొటోలు తేలికే. ఒప్పించడమే కష్టం. మా నాన్న కోస్తా నుంచి వచ్చి ఇక్కడ గవర్నమెంటు ఆఫీసులో స్థిరపడ్డ మనిషి, ఏ విషయమైనా ఒక్కసారే చెప్పేవారు. బి.ఎడ్. చేసి టీచరువి కా, ఛిద్రమైన మొహాల మధ్య నీకేం పని, వద్దు, అన్నారు. అక్క ఏడవలేదు, అన్నం మానలేదు. నాన్న కళ్లతో చూస్తే ఒప్పుకుంటారని మాత్రం అనుకుంది. నా మొహం మీద ఇన్నాళ్ల తన విద్యంతా చూపించి, టెంట్ భాయ్ కెమెరాతో ఫొటోలు తీయించి, ఆ ఫొటోలు ముందు నాన్నకు, తర్వాత ఆసుపత్రివాళ్లకు చూపించాలనేది తన ఆలోచన. నేను మాత్రం ఆ సినిమా నా కోసమే తీస్తున్నారనుకున్నాను.

శనివారం పొద్దున టెంట్ హౌస్ మేడ మీద, రంగు వెలిసిన షామియానాల గుట్ట పక్కన నన్ను కూర్చోబెట్టి అక్క పని మొదలుపెట్టింది. ఫలూదాలో వేసే సబ్జా గింజలు రాత్రే నానబెట్టి తెచ్చింది. నానితే ఒక్కో గింజ చుట్టూ నీటిబొట్టులా ఉబ్బుతుంది కదా. వాటిని ఒక్కొక్కటే మొహం మీద అంటించి, పైన పల్చగా రబ్బరు పాలు పూసి ఆరబెట్టింది. అంచులకు ఎర్రరంగు వేసింది. మెడ మీద, చేతుల మీద కూడా పెట్టింది. కథలో నోరు మూసుకుపోవాలి కనుక పెదవుల మీదుగా కూడా ఒక పొర వేసి, స్ట్రా పట్టేంత కన్నం మాత్రం ఉంచింది. చిన్న అద్దంలో చూసుకుంటే నాకే ఒళ్లు జలదరించింది. అక్క నాలుగడుగులు వెనక్కి వెళ్లి, కళ్లు చికిలించి చూసి, మొదటిసారిగా ఆ వారంలో నవ్వింది. అంతా సిద్ధమయ్యాక తెలిసిందేమిటంటే, పుట్టినరోజులకు మూఢం అడ్డు కాదు. గుడిమల్కాపూర్‌లో ఎవరో పసివాడి మొదటి పుట్టినరోజుకని మామ పొద్దున్నే కెమెరా పట్టుకెళ్లిపోయాడు. దాన్ని వెనక్కి తేవడానికి టెంట్ భాయ్ స్కూటరెక్కాడు. ఎండకు గింజలు ఎండిపోకుండా ఐసు నీళ్లు తెస్తానని అక్క కిందికి దిగింది. దిగేముందు ఇక్కణ్నుంచి కదిలితే చంపేస్తానని చెప్పింది.

కదలకూడదనే అనుకున్నాను. కానీ మా ఇల్లు మెట్లు దిగి సందు దాటితే వచ్చేస్తుంది. పొద్దుటి నుంచి ఏమీ తినలేదు. ఇంట్లో నాయనమ్మ శనివారాలు బంగాళాదుంప వేపుడు చేస్తుంది. స్ట్రాతో వేపుడు తినడం ఎలాగన్న ప్రశ్న నాకు తట్టలేదు (ఆ వయసులో నాకు చాలా ప్రశ్నలు తట్టేవి కావు). తువ్వాలు తల మీదుగా కప్పుకుని పెరటి తలుపు తోసి వంటింట్లోకి వెళ్లాను.

అమ్మ రాజమండ్రిలో మేనమామ ఇంటికి వెళ్లింది, నాన్న ఆఫీసులో ఉన్నారు, ఇంట్లో నాయనమ్మ ఒక్కతే ఉంది. చారుకు పోపు పెట్టబోతోంది. అలికిడికి తిరిగి చూసింది. నేను తువ్వాలు తీశాను. కెవ్వుమంటుందనే అనుకున్నాను, కొంచెం ఆశపడ్డాను కూడా, ఎంతైనా నా మొదటి ప్రేక్షకురాలు. నాయనమ్మ అరవలేదు. స్టవ్ ఆపేసింది. పోపు గరిటె పక్కన పెట్టింది. కొంగు భుజాల చుట్టూ కప్పుకుని రెండు చేతులూ జోడించింది.

"వచ్చావా తల్లీ. చల్లగా చూడమ్మా. పసివాడు, తట్టుకోలేడు."

అది ఎండాకాలం. మా గల్లీలో అప్పటికే ఇద్దరు పిల్లలకు అమ్మవారు పోసి ఉంది. నాయనమ్మ లెక్కలో నేను మూడోవాణ్ని. తర్వాత జరిగిందంతా ఎంత వేగంగా జరిగిందంటే నాకు ఊపిరాడలేదు. వేపుడు గిన్నె ఇల్లు దాటి వెళ్లిపోయింది. అమ్మవారు ఉన్న ఇంట్లో నూనె కాగకూడదు, పోపు చిటపటలాడకూడదు, అంటే చారు కూడా పోయినట్టే. చాప మీద పాత మెత్తటి చీర పరిచి నన్ను పడుకోబెట్టింది. నేను "నాయనమ్మా, నేనే, ఇవి సబ్జా గింజలు" అన్నాను గానీ స్ట్రా కన్నంలోంచి బయటికొచ్చింది ఊళ మాత్రమే. దానికి ఆవిడ "అలాగే తల్లీ, అలాగే" అంది. పొర పీకేద్దామా అని ఒక్క క్షణం అనుకున్నాను. పీకితే ఫొటోలు లేవు, ఫొటోలు లేకపోతే అక్కకు సోమవారం లేదు. రాసి చూపిద్దామని పెన్ను కోసం సైగ చేశాను. నేను గీరుకోబోతున్నానని భయపడి నాయనమ్మ నా రెండు చేతులకూ గుడ్డలు చుట్టి ముడివేసేసింది. ఆ తర్వాత నా నోటికి కొబ్బరినీళ్లు స్ట్రాతో పట్టింది. ఆ కన్నం ఎందుకుందో అడగలేదు. అమ్మవారి విషయాల్లో ప్రశ్నలు వెయ్యకూడదట.

ఇంటి ఓనరమ్మ తమ పెరట్లోంచి చీరె కొంగు నిండా వేపమండలు తెచ్చింది. ఆవిడే ఎవరో కుర్రాణ్ని పట్టుకుని మా నాన్నకు ఆఫీసుకు ఫోన్ చేయించింది. నాన్న వచ్చారు. జన్మలో మొదటిసారి ఆఫీసు వేళ మధ్యలో ఇంటికొచ్చారు. చెప్పులు బయట విడిచి, కాళ్లు కడుక్కుని, నా కాళ్ల దగ్గర నిలబడి చేతులు కట్టుకున్నారు. పొద్దున్నే "వెధవా, నువ్వు పరీక్ష ఫీజు కట్టావా లేదా" అని అడిగిన మనిషి. ఓనరమ్మ ఆయన్ను పక్కకు పిలిచి చెప్పిన మాట నాకు బాగా వినిపించింది.

"ఊకెనే రాదు సారూ తల్లి. ఇంట్ల ఎవరిదన్న మనసు నొచ్చిందేమో. ఏం కావాల్నో తల్లినే అడుగున్రి."

నాన్న ఇబ్బందిగా గొంతు సవరించుకున్నారు. ఆఫీసులో పైఅధికారితో మాట్లాడే గొంతుతో, మా వల్ల ఏదైనా పొరపాటు జరిగి ఉంటే మన్నించండి, ఏం చెయ్యమంటారో చెప్పండి, అన్నారు. మా నాన్న నన్ను మీరు అనడం అదే మొదలు, అదే ఆఖరు. సరిగ్గా అప్పుడు అక్క ఐసు నీళ్ల బిందెతో గుమ్మంలోకి వచ్చింది. మేడ మీద నేను కనబడక వెతుక్కుంటూ పరిగెత్తి వచ్చినట్టుంది, మొహం ఎర్రగా ఉంది. ఆమెను చూడగానే నాకు ప్రాణం లేచొచ్చింది. అదిగో, ఇదంతా చేసింది అక్క, అక్కనే అడగండి, అన్న అర్థంలో గుడ్డలు చుట్టిన రెండు చేతులూ ఎత్తి అక్క వైపు చూపించాను.

నాన్న అక్క వైపు చూశారు. నా వైపు చూశారు. ఆయన మొహంలో రంగు పోయింది. "తెలుసు తల్లీ" అన్నారు మెల్లగా. "దాని మనసు కష్టపెట్టాను. పంపిస్తాను. సోమవారమే పంపిస్తాను."

అక్క నోరు మూసుకుని ఉంటే చాలు. ఐసు నీళ్లు పక్కన పెట్టి, నాలుగు వేపాకులు నా మీద వేసి, రెండు రోజులు ఊరుకుంటే అన్నీ అయిపోయేవి. నేను కళ్లతో అదే చెబుతున్నాను, ఊరుకో, ఊరుకో అని. అక్క నన్ను చూడలేదు. నా పక్కన కూర్చుని వేపమండతో విసురుతూ పెదవులు కదిపి ఏదో దండకం చదువుకుంటున్న నాయనమ్మను చూసింది. తర్వాత వచ్చి చాప మీద కూర్చుంది. నా చెవి కింద వేళ్లతో తడిమి అంచు పట్టుకుంది. ఒక్క లాగు లాగింది. మొహం మీది పొర అంతా ఒకే ముక్కగా ఊడి వచ్చింది (అప్పుడప్పుడే మొలుస్తున్న నా మీసంలో సగం దానితోనే పోయింది, దాని గురించి ఇంతవరకూ ఎవరూ విచారం వెలిబుచ్చలేదు).

"ఇది అమ్మవారు కాదు నాన్నా. నేను చేసింది. సబ్జా గింజలు."

ఓనరమ్మ ముందుకు వంగి, ఫలూదాలో వేస్తారే, అవేనా అని అడిగింది. అవేనంది అక్క. నాన్న కట్టుకున్న చేతులు విప్పారు. ఆయనకు కోపం వస్తే అరిచే అలవాటు లేదు, అదే భయం. ఇంక ఈ ఇంట్లో ఆసుపత్రి మాట ఎత్తద్దు అని ఒక్క మాట అని, వెళ్లి కిటికీ దగ్గర పేపరు పట్టుకుని కూర్చున్నారు. అంతే, అయిపోయింది. చేతికొచ్చిన సోమవారాన్ని అక్క తనే పారేసుకుంది. నాకు ఏడుపొచ్చింది. అక్క కోసమా, వేపుడు కోసమా అని ఇప్పుడు అడిగితే చెప్పలేను గానీ ఏడుపు మాత్రం నిజం.

నాయనమ్మ ఆ పొరను అక్క చేతిలోంచి తీసుకుంది. తిడుతుందనుకున్నాం. వెలుతురులోకి పట్టుకెళ్లి, కళ్లజోడు పెట్టుకుని, ఒక్కో గింజనూ వేలితో తాకి చూసింది. మా నాయనమ్మ మొహం నిండా గుంటలుండేవి. ఎనిమిదేళ్ల పిల్లగా ఉన్నప్పుడు పెద్దమ్మవారు, అంటే మశూచి, పోసి బతికి బయటపడ్డ మనిషి. మేం పుట్టినప్పటి నుంచీ చూస్తున్న మొహం కనుక మాకు అందులో చెప్పుకోవలసిందేమీ కనబడేది కాదు. నాన్నకు మాత్రం చిన్నప్పుడు బళ్లో పిల్లలు తల్లి మొహాన్ని పట్టుకుని వెక్కిరింపు పేరు పెట్టారనీ, రోజూ ఎవడితోనో కలబడి చొక్కా చింపుకుని వచ్చేవారనీ అమ్మ ఒకసారి చెప్పింది. ఛిద్రమైన మొహాల మధ్య నీకేం పని అని ఆయన ఎందుకన్నారో ఆ మధ్యాహ్నం దాకా నాకు తట్టలేదు.

"పెట్టడం వచ్చింది సరేనే. పూడ్చడం వచ్చా నీకు?" అంది నాయనమ్మ.

అక్క తల ఊపింది. పెరటి వైపు వెలుతురులో పీట వేసి నాయనమ్మను కూర్చోబెట్టింది. సబ్జా గింజలు పక్కన పెట్టేసి, రబ్బరు పాలల్లో తన పౌడరూ, చిటికెడు పసుపూ, ఇంకేవో కలిపి నాయనమ్మ ఒంటి రంగు వచ్చేదాకా ముంజేతి మీద రాసి రాసి చూసింది. తర్వాత సన్నటి కుంచెతో ఒక్కో గుంటనూ నింపడం మొదలుపెట్టింది. నాయనమ్మ కళ్లు మూసుకుని కదలకుండా కూర్చుంది. ఓనరమ్మ వంట సంగతి మరిచిపోయి గోడకు ఆనుకుని చూసింది. కెమెరా దొరికిందని కేకేస్తూ వచ్చిన టెంట్ భాయ్ ఆ దృశ్యం చూసి చెప్పులు విడిచి లోపలికొచ్చాడు, ఎవరూ చెప్పకుండానే ఫొటోలు తీశాడు. నాన్న చేతిలో పేపరు చాలాసేపటి నుంచి ఒకే పేజీ దగ్గర ఉంది. ఎండ వాలాక అక్క కుంచె పెట్టేసి అద్దం ఇచ్చింది.

నాయనమ్మ అద్దంలోకి చాలాసేపు చూసింది. మొహం అటూ ఇటూ తిప్పింది. బుగ్గ మీద వేలు పెట్టబోయి ఆగింది.

"మా అమ్మలా ఉన్నానే" అంది. "ఇన్నాళ్లూ ఎవరి పోలికో తెలియలేదు నాకు."

నాన్న లేచి వచ్చారు. ఎదురుగా నిలబడి చూశారు. ఆయన పుట్టినప్పటి నుంచీ ఆ మొహాన్ని అలా చూసి ఎరుగరు. "అమ్మా, కడిగేసుకో" అన్నారు. "నువ్వెవరో నాకు తెలియడం లేదు." నవ్వబోయి, చేతిలో ఇంకా ఉన్న పేపరును నాలుగు మడతలు పెట్టారు.

నాయనమ్మే నవ్వింది. "కడుక్కుంటాలేరా. నాకు అక్కర్లేదు, ఈ వయసులో ఎవరు చూడాలని? అక్కరున్నవాళ్లకు చేసిపెట్టేవాళ్లు ఒకరుండాలా వద్దా?"

నాన్న అక్క వైపు తిరిగి, సోమవారం ఎన్నింటికి రమ్మన్నారు అని మాత్రం అడిగారు.

ఆ ఫొటోలే ఆసుపత్రికి వెళ్లాయి. నావి కావు, నాయనమ్మవి. పొద్దుటి నుంచి ఆకలితో మాడి, సగం మీసం పోగొట్టుకుని నేను మోసిన సబ్జా గింజలకు ఒక్క ఫొటో కూడా లేదు. మూఢం వెళ్లి పెళ్లిళ్లు మొదలవడంతో కెమెరా కూడా వెళ్లిపోయింది, మూసీ సైంటిస్టు నీళ్లు తాగకుండానే బతికిపోయాడు. నేను కొంతకాలం అద్దం ముందు తల ఎత్తి చూసుకుంటూ ఇంకో అవకాశం కోసం ఎదురుచూశాను. తర్వాత బి.కాం. గట్టెక్కి ఒక కంపెనీ అకౌంట్స్ సెక్షన్‌లో కుదురుకున్నాను. అక్కడ మొహంతో పని లేదు.

మొన్నామధ్య అక్కకు క్యారేజీ ఇవ్వడానికి ఆసుపత్రికి వెళ్లాను. ఆ విభాగం ఇప్పుడు తనదే. లోపల ఒక ఆటో నడిపే అతను కూర్చుని ఉన్నాడు. యాక్సిడెంటులో చెవి పోయిందట, అక్క ఆరోజే కొత్త చెవి అమర్చింది. అతను దాన్ని అద్దంలో కూడా చూసుకోలేదు. ముందుగా జేబులోంచి కళ్లజోడు తీసి, రెండో పక్క కూడా తగిలించుకుని, తల విదిలించి చూశాడు. జారలేదు. ఇన్నాళ్లూ తాడుతో కట్టుకునేవాడట. ఆ సంతోషంలో అక్కను, గీ పని ఏడ నేర్చుకున్నరు మేడమ్ అని అడిగాడు. అక్క టేబుల్ తుడుచుకుంటూ నన్ను చూపించి, మొట్టమొదలు మా తమ్ముడి మొహం మీదనే నేర్చుకున్న, అంది.

అతను ఆ కళ్లజోడుతోనే నా వైపు తిరిగాడు. నుదుటి నుంచి గడ్డం దాకా, ఈ చెవి నుంచి ఆ చెవి దాకా మర్యాదగా, శ్రద్ధగా చూశాడు.

"మస్తు కుదిరింది మేడమ్" అన్నాడు. "జరంత గూడ తెలుస్తలేదు. అచ్చం అసలు మొహమే అనిపిస్తుంది."

పందొమ్మిదేళ్లప్పటి నేనైతే ఆ మాటకు వారం రోజులు అన్నం ముట్టేవాణ్ని కాను. ఇప్పుడు మాత్రం తల కొంచెం ఎత్తి, మంచిగా కనబడేలా నిలబడి, థాంక్స్ అన్నా, అన్నాను.